పన్నెండో స్టూలు

దుకాణంలో ఆమెను కొంగ అంటారు. ఒక కాలి మీద నిలబడి రెండో కాలికి విశ్రాంతి ఇస్తుంది కాబట్టి. కాసేపటికి కాలు మారుస్తుంది. పదేళ్ళలో ఆమెకు దొరికిన విశ్రాంతి అదొక్కటే.

పెద్ద బట్టల దుకాణం. మూడో అంతస్తులో దుప్పట్లూ దిండ్లూ అమ్ముతుంది. పది నుంచి ఎనిమిది దాకా నిలబడాలి. గోడకు ఆనుకోకూడదు. కౌంటరు మీద మోచెయ్యి పెట్టకూడదు. "తల పెట్టగానే నిద్ర పట్టేస్తుందండీ" అని రోజుకు నలభై సార్లు చెప్పాలి. చెబుతూ దిండును అరచేత్తో నొక్కి చూపాలి. దిండు అణిగి మళ్ళీ పైకి లేస్తుంది. ఆమె పిక్క మీద వేలితో నొక్కితే గుంట అలాగే ఉండిపోతుంది.

ఇంట్లో కుర్చీ ఒకటే. అందులో అత్త.

"రోజంతా చల్లటి గదిలో నిలబడి వస్తావు. నువ్వేమన్నా రాళ్ళు కొట్టావా?"

"మీరు కూర్చుని అలిసిపోయినట్టున్నారు అత్తయ్యా. ఇంకాసేపు కూర్చోండి."

అత్త మూడు రోజులు మాట్లాడలేదు. ఇంట్లో అంత హాయి ఎప్పుడూ లేదు.

కిందటి నెల డాక్టరు ఆమె కాళ్ళు చూశాడు. నీలంగా ఉబ్బిన నరాలు చూశాడు. ఇలాగే నిలబడితే పుండు పడుతుందనీ, తరవాత నడవడం కూడా కష్టమనీ చెప్పాడు. ఆమె ఆ మాట మేనేజరుకు చెప్పి ఒక స్టూలు అడిగింది.

"నీ బదులు డాక్టరొచ్చి నిలబడతాడా?" అన్నాడు మేనేజరు.

దుకాణంలో స్టూళ్ళు లేక కాదు. అమ్మేవాళ్ళకు కూర్చునే వీలుండాలని చట్టం ఉంది. అందుకని పన్నెండు కొన్నారు. అవి అటక మీద ఉంటాయి. ఏడాదికోసారి, తనిఖీ అధికారి వచ్చే రోజున కిందికి దిగుతాయి.

ఈ ఏడు మంగళవారం దిగాయి. కొన్నప్పటి ప్లాస్టిక్ కవర్లు ఇంకా తీయలేదు.

"కూర్చోండి, కూర్చోండి. నవ్వు మొహాలు పెట్టండి" అన్నాడు మేనేజరు.

పన్నెండు మందీ కూర్చున్నారు. అధికారి వచ్చాడు. కొంగ దగ్గర ఆగాడు.

"రోజూ కూర్చుంటారా అమ్మా?"

ఆమె మేనేజరు వైపు చూసింది. అతను ఆమె వైపే చూస్తున్నాడు.

"కూర్చుంటామండీ."

అధికారి రాసుకున్నాడు. దాని కింద మేనేజరు సంతకం పెట్టాడు. లిఫ్టు కిందికి వెళ్ళగానే చప్పట్లు కొట్టాడు.

"ఊఁ, లేవండి. స్టూళ్ళు పైకి."

పదకొండు మంది లేచారు. కొంగ వంగి, తన స్టూలుకున్న కవరు చింపింది. చుట్టచుట్టి చెత్తబుట్టలో వేసింది. మళ్ళీ కూర్చుంది.

"నీకు వేరే చెప్పాలా?"

"రోజూ కూర్చుంటామని ఇప్పుడే సంతకం పెట్టారుగా సార్."

పక్క కౌంటరామె దగ్గరికొచ్చి పళ్ళు బిగించి అంది: "లేవవే తల్లీ. నీ కాళ్ళ కోసం మా కడుపులు కొడతావా?"

కొంగ ఆమె కాళ్ళ వైపు చూసింది. అవీ ఉబ్బే ఉన్నాయి.

మేనేజరు స్టూలు కాలును బూటుతో తన్నాడు. స్టూలు జానెడు జరిగింది. ఆమె రెండు చేతులతో స్టూలు అంచు పట్టుకుని, దానితో పాటే జరిగింది.

"రేపణ్ణుంచి రాకు."

"రాను. ఇవాళ ఎనిమిది దాకా ఉంది కదా."

అతను అరిచేవాడే. కొనడానికి ఇద్దరు వస్తున్నారు. నోరు మూసుకుని, పదకొండు స్టూళ్ళ వెనక అటక దాకా వెళ్ళాడు.

వచ్చినావిడ దిండు ఎత్తి చూసింది. "దీని మీద బాగా నిద్ర పడుతుందా?"

"నాకేం తెలుసండీ" అంది కొంగ, కూర్చునే. "నేనెప్పుడూ పడుకోలేదు."