ధర్నాలో మా మేనత్త

సమ్మెలు, జైళ్లు, కూల్చివేతలు. ఎవరూ డబ్బు పెట్టని డాక్యుమెంటరీలే నేను తీస్తాను. ఖరగ్‌పూర్‌లో మన తెలుగువాళ్లుండే ఓల్డ్ సెటిల్‌మెంట్‌లో రైల్వే క్వార్టర్లు కూల్చొద్దని ధర్నా చేస్తున్నారంటే, పుట్టిన చోటు కదా, కెమెరా పట్టుకెళ్లాను. ముందు వరసలో మా మేనత్త పిడికిలెత్తి హిందీలో నినాదాలిస్తోంది. నన్ను చూడగానే ఆపేసింది.

"ఏటే, ఇలా సిక్కిపోనావు? తిన్నావా?"

కెమెరా వైపు చూడొద్దని సైగ చేశాను. వింటేనా! లాఠీతో నిలబడ్డ పోలీసుతో "దాదా, ఏక్ మినిట్" అని, డబ్బా తెరిచి నా నోట్లో పులిహోర ముద్ద పెట్టి, మళ్లీ పిడికిలెత్తింది.

షాట్ పాడైందని ఒళ్లు మండింది. ఎడిటింగ్‌లో ఆ ముక్క తీసేశాను. సినిమా చూసి అందరూ బావుందన్నారు. అత్త మాత్రం తెర వైపే చూస్తూ అడిగింది:

"ఆ అరిసేదెవర్తో ఉంది గానీ, మీ అత్త ఏదే?"