మూడో నంబరు రాయి

ప్లాస్టిక్ కాలితే వచ్చేది ఒకటే కంపు అనుకుంటారు గానీ, పని తెలిసినవాడి ముక్కుకు అవి నాలుగు. నైలాన్ కాలితే వెంట్రుకలు కాలినట్టుంటుంది, పీవీసీ గొంతులో పొడుస్తుంది, పాలిస్టైరీన్ వెగటుగా తియ్యగా ఉంటుంది, పాలిథీన్ మాత్రం అప్పుడే ఊదేసిన కొవ్వొత్తిలా ఉంటుంది. పాలిటెక్నిక్‌లో మూడేళ్ళు చదివి, బకెట్లు, మగ్గులు పోతపోసే చిన్న కార్ఖానాలో మెషిన్ ముందు నిలబడే నాకు ఈ నాలుగో వాసన రోజూ తగులుతూనే ఉంటుంది. తగిలినప్పుడల్లా మెషిన్ కాదు గుర్తుకొచ్చేది. నాంపల్లి స్టేషన్ వెనక మేం కిరాయికున్న వాడ, ఎనిమిది ఇళ్ళకూ కలిపి ఒకే ఒక్క నల్లా, దాని ముందు వరసగా బకెట్లు, బకెట్‌కొక రాయి.

ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన మరుసటి ఏడు నాన్న గుమాస్తా ఉద్యోగం మీద గుంటూరు నుంచి వచ్చాడు. చంకలో నన్ను, చేతిలో పుట్టింటి ఇత్తడి బిందెను పట్టుకుని అమ్మ రైలు దిగింది. ఆ బిందె అంచు మీద అమ్మమ్మ పేరు చెక్కి ఉండేది. అమ్మ 'పంపు' అనేది, వాడంతా 'నల్లా' అనేది. నీళ్ళు తెల్లవారి అయిదింటికి వచ్చి ఆరున్నరకు ఆగిపోయేవి. ముందురోజు సాయంత్రమే ఎవరి బిందె వాళ్ళు వరసలో పెట్టి వెళ్ళిపోవచ్చు. బిందె ఉన్నచోట మనిషి ఉన్నట్టే లెక్క. ఒకరి బిందె మరొకరు జరపకూడదు. ఒక్కొక్కరు ఒక్కటి నింపుకుని మళ్ళీ వెనక్కి వెళ్ళాలి. ఈ మూడూ రాసిపెట్టని చట్టాలు. అమలు చేసేది గూడ్స్ షెడ్‌లో మూటలు మోసే మల్లమ్మ. ఆమెది మెదక్ పక్క పల్లె. మగవాళ్ళతో సమానంగా మూట ఎత్తేది, మగవాళ్ళకంటే గట్టిగా తిట్టేది. ఆమె కొడుకు సాయిలు, నేను ఒక ఈడువాళ్ళం.

కొట్లాట లేని రోజు ఆ వాడలో నేనెరుగను. ఎండాకాలం నీళ్ళకోసం, వానాకాలం మోరీ పొంగి ఎవరి గుమ్మంలోకి పోయిందన్నదానికోసం, పతంగుల రోజుల్లో పిల్లల కోసం పెద్దలు. సాయిలూ నేనూ ఆబిడ్స్ దాకా నడిచి, సోడాబండ్ల కింద పగిలిన గోలీసోడా సీసాల ముక్కలు ఏరుకొచ్చి, రోకలితో మెత్తగా నూరి, అన్నంలో కలిపి మాంజా తీసేవాళ్ళం. ఆ నెలంతా మా వేళ్ళు తెగి ఉండేవి, అవే వేళ్ళతో మల్లమ్మ పెట్టే జొన్నరొట్టె, ఎర్రకారం తింటుంటే మంటకు నీళ్ళు కారేవి కళ్ళ నుంచి. ఆషాఢం బోనాల్లో వీధి మలుపున మేకను కొడితే ఇద్దరం ముందు వరసలో నిలబడేవాళ్ళం. నెత్తురంటే మాకు భయముండేది కాదు. నల్లా దగ్గర ఆడవాళ్ళు జుట్లు పట్టుకుంటే ఏమేం పోయాయో బడి నోటుపుస్తకం వెనక పేజీలో రాసేవాణ్ణి: గాజులు ఆరు, రవిక ఒకటి, పన్ను ఒకటి. సాయిలు నన్ను 'లెక్కల సారు' అనేవాడు.

ఒక సంగతి మాత్రం నేను అప్పట్లో రాసుకోలేదు. ఎంత కొట్టుకున్నా చేతులతోనే కొట్టుకునేవాళ్ళు. అందుబాటులో ఉన్న గట్టి వస్తువు బిందె ఒక్కటే, సొట్టపడుతుందని దాన్ని ఎవరూ ఎత్తేవాళ్ళు కారు.

చెల్లి కడుపులో ఉన్న వేసవిలో అమ్మ ఆ బిందె మోయలేకపోయింది. బేగం బజార్ నుంచి తట్ట నెత్తిన పెట్టుకుని వచ్చే ఒకాయన పాత ఇత్తడి తీసుకుని ప్లాస్టిక్ ఇచ్చేవాడు. అమ్మమ్మ పేరున్న బిందె వెళ్ళిపోయింది, ఒక ఆకుపచ్చ బకెట్, ఒక ఎర్ర కడవ వచ్చాయి. చిటికెన వేలితో ఎత్తొచ్చని అమ్మ ఎత్తి చూపించింది. నాన్న ఆఫీసు నుంచి వచ్చి, విషయం విని, అన్నం పళ్ళెం గోడకేసి కొట్టాడు. పప్పు మరక చాలాకాలం ఉంది అక్కడ.

ఆ సాయంత్రం అమ్మ బకెట్‌ను వరసలో మూడోదిగా పెట్టింది. చీకటి పడుతుండగా దుమ్ముతో గాలి లేచింది. పొద్దున వెళ్ళి చూస్తే బిందెలన్నీ ఎక్కడివక్కడే ఉన్నాయి, మా బకెట్ మోరీ పక్కన బోర్లా పడి ఉంది. అమ్మ దాన్ని తెచ్చి మూడోచోట పెట్టబోయింది. మల్లమ్మ కాలు అడ్డం పెట్టింది.

"బింద యాడుంటే మనిషి గాడ. నీ బకీటు మోరీకాడుంది, నువ్వు గాడనే నిలవడు."

"గాలికి పోయింది మల్లమ్మా. నేను జరిపానా?"

"గాలికి పోయేదాన్ని బకీటంటరా గుంటూరమ్మా, పతంగంటరు. తోక కట్టకపోయినవ్."

వాడంతా నవ్వింది. అమ్మ బకెట్ ఎత్తి మల్లమ్మ భుజం మీద కొట్టింది. అది బుడుక్కుమని ఎగిరి మళ్ళీ అమ్మ గడ్డానికే తగిలింది. నవ్వు రెట్టింపైంది. మల్లమ్మ మాత్రం నవ్వలేదు, అరచెయ్యి తిప్పి ఒక్కటి ఇచ్చింది. అమ్మ కింది పెదవి చిట్లి, చీర ముందరంతా ఎర్రనైంది. ఆరోజు మాకు నీళ్ళు లేవు.

పరిష్కారం నేనే కనిపెట్టాను. పదేళ్ళవాణ్ణి. రైలు పట్టాల పక్కన పోసిన నల్లరాళ్ళలోంచి అరచేతికి సరిపడేదాన్ని ఏరి, కడిగి, నాన్న పెట్టెకు పేరు రాయగా మిగిలిన తెల్లరంగుతో దానిమీద మా ఇంటి నంబరు 3 అని రాసి, బకెట్‌లో వేశాను. ఆ రాత్రీ గాలి వచ్చింది. బకెట్ కదలలేదు. చూస్తుండగానే మిగతా ఇళ్ళ ఇత్తడి కూడా తట్టలవాడి వెంట వెళ్ళిపోయింది. బకెట్ వచ్చిన ప్రతి ఇంటివాళ్ళూ నా దగ్గరకే వచ్చారు. ఇంటి నంబరే రాయి నంబరు. అందరికంటే ఆఖర్న, తన రాగిబిందె ఇచ్చేసి నీలం బకెట్ తెచ్చుకున్న మల్లమ్మ వచ్చింది.

"నాది జర పెద్దగ రాయి రా లెక్కల సారూ. గుడ్డిదానిక్కూడ కనవడాలె."

ఆమె రాయి మీద 4 అంత పెద్ద అంకె ఇంకెవరికీ రాయలేదు. ఆమె నాకు బెల్లమేసిన మలీదముద్ద పెట్టింది. ఆ ఏడాది నల్లా దగ్గర వరసకోసం ఒక్క కొట్లాట జరగలేదు. అమ్మ, మల్లమ్మ మాట్లాడుకోసాగారు. చెల్లి పుడితే మొదట ఎత్తుకున్నది మల్లమ్మే. నేను కనిపెట్టిన దాంట్లో ఉన్న తప్పు ఎవరికీ కనబడలేదు, నాకు కూడా. బకెట్ నల్లా కింద పెట్టాలంటే ముందు అందులోని రాయి తీసి చేత్తో పట్టుకోవాలి. అంటే రోజూ పొద్దున నల్లా చుట్టూ ఎనిమిది మంది ఆడవాళ్ళు చేతిలో రాయితో నిలబడేవాళ్ళు.

మరుసటి వేసవి నల్లా గంటన్నర నుంచి అరగంటకు తగ్గింది, ధార వేలంత సన్నబడింది. చెల్లికి విరేచనాలు. ఇంట్లో ముందురోజు మధ్యాహ్నం నుంచి చుక్క లేదు, ఉతకని పాతగుడ్డలు మూలన కుప్పగా ఉన్నాయి. అమ్మ వంతు వచ్చింది. ఆకుపచ్చ బకెట్ నిండింది. దాన్ని కాలితో పక్కకు జరిపి, ఎర్ర కడవను నల్లా కింద పెట్టింది. వాడలో ఎవరూ చెయ్యని పని. నేను పక్కనే ఉన్నాను, తప్పని తెలుసు, నోరెత్తలేదు.

"ఒక్కటే నింపాలె. తియ్యి," అంది మల్లమ్మ.

"పిల్లకు బాలేదు మల్లమ్మా. ఈ ఒక్కరోజుకీ."

"మా ఇంట్ల పీనుగులున్నయా? మాకు నీళ్ళద్దా? సాయిలూ, తియ్యి రా దాన్ని."

సాయిలు వంగి కడవ మెడ పట్టి గుంజాడు. అమ్మ అటు గుంజింది. ఎండకు పెళుసెక్కిన ప్లాస్టిక్ మెడ దగ్గర టప్పున చీలింది, సగం నిండిన నీళ్ళు మోరీలోకి పోయాయి. అప్పుడే నల్లా గుర్రుమని, గాలి కక్కి, ఆగిపోయింది. అమ్మ కుడిచెయ్యి లేచింది. మల్లమ్మ మీదికే లేచింది, అది నేను ప్రమాణం చేసి చెప్పగలను. కానీ చీలిన కడవతో సాయిలు మధ్యలో నిలబడి ఉన్నాడు.

ఆ తరవాతవి వరసగా గుర్తున్నాయి. చప్పుడు, పచ్చికొబ్బరి కొట్టినట్టు. సాయిలు ఒక చెయ్యి మొహానికి అడ్డం పెట్టుకుని, ఏదో పోగొట్టుకున్నవాడిలా రెండో చేత్తో నేల తడుముకున్నాడు. వేళ్ళ సందుల్లోంచి నెత్తురు మా ఆకుపచ్చ బకెట్‌లోకి కారింది, నిండు బకెట్ అంతా గులాబీరంగు తిరిగింది. మల్లమ్మ 4 విసిరింది, అది అమ్మ చెవి పక్కనుంచి పోయి తలుపు చీల్చింది. ఎవరిదో 6, అరుపులు విని పరుగెత్తుకొచ్చిన నాన్న నోటికి తగిలి రెండు పళ్ళు పోయాయి. మల్లమ్మ మొగుడు నాన్నను మోరీలోకి తోసి తలమీద కాలు పెట్టాడు. అందరూ విసురుతున్నారు, ఎవరు ఎవరిని కొడుతున్నారో వాళ్ళకే తెలియదు. నేను గోడకు ఆనుకుని చూస్తున్నాను. 3 నా కాళ్ళ దగ్గర, అంకె పైకి తిరిగి పడి ఉంది.

సాయిలు ఎడమకన్ను పోయింది. దవాఖానలో ఉన్నన్నాళ్ళూ అమ్మ పొద్దున్నే వండి కారియర్ పట్టుకెళ్ళేది. మల్లమ్మ అందుకుని, వరండా చివర కుక్కలకు పెట్టి, కారియర్ శుభ్రంగా కడిగి తిరిగిచ్చేది. అమ్మ మర్నాడు మళ్ళీ వండేది. నెల తిరక్కుండానే ఖైరతాబాద్‌లో ఇల్లు చూసుకుని వెళ్ళిపోయాం. చీలిన కడవను పాతసామాన్ల వాడికి ఇవ్వబోతే, ఇత్తడైతే తీసుకుంటాను, ఇదెవడికి కావాలి అన్నాడు. సొట్టపడ్డ బిందెను కొట్టి సరిచేసే చేతులున్నాయి గానీ దీన్ని ఏం చెయ్యాలో ఎవరికీ తెలియదు. మోరీ గట్టున పడేసి వెళ్ళాం.

ఇప్పుడు దాన్ని కొనేవాళ్ళున్నారు. మా కార్ఖానా విరిగిన పాత ప్లాస్టిక్‌ను ముక్కలుగా కొని, కరిగించి, మళ్ళీ బకెట్లు పోస్తుంది. పోయిన నెల వచ్చిన బస్తాల్లో రాళ్ళు వచ్చి మెషిన్ దెబ్బతింటే, సరుకు చూసి రమ్మని నన్ను పంపారు. నాంపల్లిలో, మా పాత వాడకు రెండు సందుల ఇవతల, విరిగిన బకెట్ల గుట్ట వెనక ఒకతను కూర్చుని, ముక్కను అగ్గిపుల్లతో వెలిగించి, ఆర్పి, వాసన చూసి, నాలుగు కుప్పల్లోకి విసురుతున్నాడు. నేను చదివి నేర్చుకున్నది అతను ముక్కుతో నేర్చుకున్నాడు. ఎడమ రెప్ప మూసుకుని ఉంది.

"ఎట్లున్నవ్ రా లెక్కల సారూ," అన్నాడు ఒక్కసారి తలెత్తి చూసి. "రాళ్ళ ముచ్చటేనా? బరువు రావాలని జనం బకీట్ల అడుగున పెట్టి అమ్ముతున్రు. దినాం ఏరుడే."

అతని పక్కన ఏరేసిన రాళ్ళ కుప్ప మోకాలెత్తు ఉంది. మల్లమ్మ గురించి అడిగాను. ఉన్నదన్నాడు. మా అమ్మ గురించి అడిగాడు. ఉన్నదన్నాను. ఇన్నేళ్ళుగా దాచుకున్న మాట అప్పుడు చెప్పాను, ఆ రాళ్ళు నేను కనిపెట్టినవేనని, నేను వెయ్యకపోతే అమ్మ చేతిలో ఏమీ ఉండేది కాదని.

"నాకెర్క లేదా?" అన్నాడు సాయిలు. ఇంకో ముక్క వెలిగించాడు. కొవ్వొత్తి వాసన. "మీ అమ్మ చెయ్యి నాకు కనవడలే. మీదికొచ్చేటప్పుడు అంకె కనవడ్డది. రెండు కండ్లతోని ఆఖర్కి సూసింది గదే, నువ్వు రాసిన మూడు."

చాయ్ తెప్పించాడు, తాగాం.

ఆ వాడ పడగొట్టారు, నల్లా చోట లాడ్జి లేచింది. పేరు చెక్కిన బిందె ఏ ఇంటి గుమ్మం ముందూ కనబడదు. మేం పారేసిన ఎర్ర కడవ మాత్రం పోయి ఉండదు. కుళ్ళదు, తుప్పు పట్టదు, ఈపాటికి ఏ మగ్గుగానో మారి ఎవరింట్లోనో ఉంటుంది. కార్ఖానాలో కొత్త బస్తా విప్పగానే ముందు మోచేతిదాకా చెయ్యి పెట్టి రాళ్ళు వెతుకుతాను. మిగతావాళ్ళు దొరికిన రాయిని దొరికినట్టే కిటికీలోంచి విసిరేస్తారు. నేను ముందు దాన్ని తిప్పి రెండో వైపు చూస్తాను.