పిన్ని పాలు, నాన్న పరుగులు

ఒక్క గ్లాసు పాలతో మా నాన్న కాపురాన్ని కూల్చబోయిన ఘనత నాది. అప్పటికి నాకు తొమ్మిదేళ్లు.

అమ్మ పోయాక నాన్న మారుమనువు చేసుకుని పిన్నిని దాచేపల్లి తెచ్చాడు. ఖర్మకాలి ఆ వారమే ఊళ్లో డేరా సినిమా దిగింది. తెర మీద సవతితల్లి పాలలో విషం కలిపి, "తాగు నాయనా" అని తియ్యగా పిలిచింది. ఆ పిల్లవాడు తాగేసి, చావకుండా చానాసేపు పాడాడు. నేను ఏడ్చి ఏడ్చి పక్కావిడ కొంగు తడిపేశాను.

మర్నాడు పొద్దున్నే పిన్ని గ్లాసు చేతికిచ్చి, "తాగమ్మా, బంగారు తల్లివి గదా!" అంది.

మీరే చెప్పండి, ఇంకేం రుజువు కావాలి? పైగా పాల మీద ఏదో జిడ్డు తేలుతోంది. పారబోస్తే దొరికిపోతాను. అందుకని నాన్న గ్లాసుతో మార్చేశాను. పెద్ద మనిషి, తట్టుకుంటాడనుకున్నాను. తాగబోతూ రుచులెందుకన్నట్టు నాన్న గటగటా ఎత్తేశాడు.

బండిలో నాపరాళ్లు ఎత్తించి గురజాల బయల్దేరేసరికి ఎండెక్కింది. బండి వీధి మలుపు తిరగలేదు, నాన్న కిందికి దూకి, చెంబు పుచ్చుకుని తుమ్మచెట్ల చాటుకు పరుగెత్తాడు. వచ్చాడు. మళ్లీ పరుగెత్తాడు. ఎద్దులు నిలబడి చూస్తున్నాయి.

నేను నడివీధిలో గుండెలు బాదుకున్నాను. "పిన్ని పాలల్లో విషం పెట్టింది! నాన్న సచ్చిపోతన్నాడు!"

వీధంతా పోగయింది. "ఏందే, వచ్చి వారం గాలా, అప్పుడే మొగుణ్ణి మింగుతావా?" అంది ఎదురింటి వెంకమ్మత్త.

పిన్ని బిత్తరపోయింది. "ఈ నింద నేను మొయ్యలేను వదినా. మా ఊరు పోతా" అని ఏడుస్తూ చీరలు మూటగట్టింది.

అప్పుడేసింది నాకు అసలు భయం. పిన్ని జడ వేస్తే తల నొప్పెట్టదు. ఆమె పోతే మళ్లీ నాన్న జడ, నాన్న వంట.

ఇంతలో నాన్న గోడ పట్టుకుని వచ్చాడు. "నా పాలల్లో ఏం గలిపావే?"

"నీ పాలల్లో ఏం గలపలా. పిల్ల పాలల్లో ఆముదం పోశా. మట్టి తింటంది, కడుపులో ఏలికపాములున్నయ్యేమోనని."

అందరూ నా వైపు చూశారు. నేను ఎద్దుల వైపు చూశాను.

"గ్లాసులు మార్చా" అన్నాను.

వెంకమ్మత్త నా చెవి మెలేసింది. "ఒసే పిచ్చిదానా! సవతితల్లికి నీ కడుపుతో ఏం పనే? ఆముదం పోసేది కన్నతల్లేనే!"

పిన్ని కళ్లు తుడుచుకుని మూట విప్పింది. విప్పినావిడ ఊరుకుందా? ఆముదం సీసా తెచ్చి, నన్ను కాళ్ల మధ్య బిగించి, ముక్కు మూసి పోసింది. నాన్న తన మజ్జిగ గ్లాసు చేత్తో మూసుకుని కూర్చున్నాడు.

ఆ మధ్యాహ్నం నేను వీధిలో పరుగెడుతూ, పిన్నిని మొట్టమొదటిసారి "అమ్మా!" అని పిలిచాను.

"అమ్మా! చెంబూ!"

ఆ చెంబు మీద ఒట్టేసి చెప్తున్నాను: సినిమా చూసొచ్చిన మర్నాడు ఎవరి గ్లాసూ ముట్టను.