రెండు కొసలకూ ముడి

గాజు సీసాలోని నీళ్ళు ఆకుపచ్చగా వెలిగితే ప్రయోగం పోయినట్టు. ఈ సంగతి తెలియడానికి నాకు నాలుగు నెలలు పట్టింది. అప్పటిదాకా పొద్దున్నే ల్యాబ్‌లోకి పోగానే ఆ పచ్చటి సీసాలను చూసి మురిసిపోయేదాన్ని. వాటిని చూసి అక్కడ ప్రయోగాలు చేసే అమ్మాయి ముఖం ఎందుకు మాడిపోతుందో అర్థమయ్యేది కాదు.

నేను చదువుకున్నదాన్ని కాదు. కూడబలుక్కుని బస్సు మీది పేరు చదువుతాను, సంతకం పెడతాను, అంతే. ఇదంతా నేను నోటితో చెబుతుంటే మా గల్లీలో ఒకామె రాసిపెడుతోంది. నన్ను మంచిదాన్ని చేసి రాయవద్దని ముందే చెప్పాను.

మా ఇల్లు నేరేడ్‌మెట్‌లో, ఒకటే గది. నా పని తిరుమలగిరి దిక్కు ఒక పరిశోధనల ల్యాబ్‌లో. గాజు సామాను కడగడం. మా ఆయన పోయిన మూడో నెలలో కంట్రాక్టరు పెట్టించాడు. ఆ పని దొరకకపోతే మా మరిది ఇంటికి పోవాల్సి వచ్చేది. దినాలనాడే మరిది భార్య అందరి ముందర అన్నది, "అక్కా, మా ఇంట్ల నీకు జాగ లేకనా? మెట్ల కింద సాపేసుకుంటే అయిపాయె." ఆ మెట్ల కింద ఏముందో నాకు తెలుసు. చెప్పులు, పాత సైకిల్, కుక్క పడుకునే గోనెసంచి. ఆ పని అంటే నాకు ఆ మెట్ల కింద పడుకోకుండా ఉండడం. అది ముందుగా చెప్పకపోతే తర్వాత నేను చేసింది అర్థం కాదు.

పని కష్టమైనది కాదు కానీ చేతులు తినేసేది. పొద్దున నిన్నటి సీసాలన్నీ ఘాటు సబ్బునీళ్ళలో తోమాలి, ఏడుసార్లు జాడించాలి, వేడి ఓవెన్‌లో ఆరబెట్టాలి. ఆరిన చిన్న సీసాల మూతులకు సిల్వర్ కాగితం చుట్టి పెట్టెల్లో సర్దాలి. కొన్నింటికి అన్నానికి ముందు చుట్టేదాన్ని, మిగతావాటికి అన్నం తిన్నాక. గ్లౌజులు ఇచ్చారు. వాటిలో చెమట పట్టి, పగిలిన వేళ్ళకు తగిలి కారం పూసినట్టు మండేది. అందుకని కాగితం చుట్టేటప్పుడు తీసేసేదాన్ని. మొదటి రోజే సూపర్‌వైజర్ గట్టిగా చెప్పాడు, "చూడమ్మా, చేతులకు క్రీమ్ గిట్ల పెట్టొద్దు, పౌడర్ కొట్టొద్దు, గాజులు వద్దు." గాజులు అప్పటికే తీసేశారు. క్రీమ్ నా జన్మలో కొనలేదు. నూనె మాట ఆయన అనలేదు, నేను అడగలేదు. నూనె అంటే మా దిక్కు ఒంటికి పెట్టేది, పుట్టిన పిల్లకూ పెడతారు, పోయిన మనిషికీ పెడతారు. దాన్ని క్రీముల్లో కలపాలని నాకు తట్టనే లేదు. అన్నం తిన్నాక సంచిలోంచి కొబ్బరినూనె సీసా తీసి రెండు చేతులకూ బాగా రాసుకునేదాన్ని.

ఆ అమ్మాయి ఉత్తరాంధ్ర దిక్కుది. అక్కడి నుంచి వచ్చి ఏ.ఎస్. రావు నగర్‌లో హాస్టల్‌లో ఉండి డాక్టరు పట్టా కోసం చదువుతోంది, మందులిచ్చే డాక్టరు కాదు, పరిశోధన డాక్టరు. నన్ను పిన్నీ అనేది. ల్యాబ్‌లో మిగతావాళ్ళకు నేను "ఆమె" మాత్రమే. మధ్యాహ్నం నేను వెనక వరండాలో కూర్చుని పాత చీరలతో బొంత కుట్టుకుంటుంటే తన డబ్బా తెచ్చుకుని నా పక్కనే కూర్చునేది.

ఒకనాడు అడిగాను, "గా సీసాలు అంత మంచిగ పచ్చగ మెరుస్తుంటే నీకు ఏడుపెందుకు బిడ్డా?"

"మెరిస్తే కారిపోయినట్టు పిన్నీ. లోపల దాచిన రంగు బయటికొచ్చేస్తేనే మెరుస్తాది. కారకపోతే మసకగా ఉంటాది. నాకు మసకే కావాల."

"జెర సమజయ్యేటట్టు చెప్పు."

ఆమె అన్నం పక్కన పెట్టి చెప్పింది. మన ఒంటిలో ప్రతి కణానికీ ఒక తోలు ఉంటుందట. ఆ తోలు రెండు పొరలు. ఒక్కో పొరలో సన్నటి కొవ్వు అణువులు వరసగా నిలబడి ఉంటాయి. ఒక్కోదానికి ఒక తల, రెండు తోకలు. తలకు నీళ్ళు కావాలి, తోకలకు నీళ్ళు పడవు. అందుకని రెండు పొరలూ తోకలు లోపలికి దాచుకుని, తలలు బయటికి పెట్టి ఉంటాయి.

"సలికాలం దుప్పట్ల కాళ్ళు ముడుసుకున్నట్టు," అన్నాను.

"అదే. కానీ బాగా వేడి తగిలితే ఆ రెండు పొరలూ ఒకదాన్నొకటి వదిలేస్తాయి. ఇప్పుడు సూడు, భూమిలోంచి కుతకుత ఉడుకుతా వచ్చే బుగ్గలుంటాయి. ఆ నీళ్ళు యాసిడ్‌లా ఉంటాయి. చెయ్యి పెడితే తోలు ఊడొస్తాది. వాటిలో కూడా ఒక సూక్ష్మజీవి హాయిగా బతుకుతాది. ఎలాగో తెలుసా? దాని అణువుకి రెండు తలలు. ఇటో తల, అటో తల, మధ్యన పొడుగాటి ఒళ్ళు. రెండు పొరల్నీ అదొక్కటే పట్టుకుంటాది. ఇంక విడిపోడానికి ఏటుంది?"

నేను చేతిలో బొంత తిరగేసి చూపించాను. "గింతేనా? దారానికి ఒక్క దిక్కే ముడేస్తే గుంజితే వస్తది. రెండు దిక్కుల ముడేస్తే చీరె చినగాలె గని దారం రాదు."

ఆమె నోరు తెరుచుకుని చూసి పడీపడీ నవ్వింది. "ఐదేళ్ళు చదివిందాన్ని నువ్వు ఒక్క ముక్కలో అనేశావేటి పిన్నీ. మా సారుకి చెప్పకు, నా సీటు నీకిచ్చేస్తారు."

ఆ జీవిని పెంచడం కష్టమట. అన్నం ఉడికేంత వేడిలో పెట్టి వారాలు కాచుకుంటే గోరు మీద పట్టేంత సరుకు కూడా రాదు. అందుకని అలాంటి రెండు తలల అణువునే ఆమె తన చేత్తో తయారు చేసింది. వానాకాలం, చలికాలం రెండూ గడిచాక చిన్న సీసా అడుగున తెల్లటి మైనంలా కొంచెం మిగిలింది. దాంతో కంటికి కనిపించని బుడగలు చేసి, లోపల రంగు పెట్టి, వేడినీళ్ళ తొట్టిలో రాత్రంతా ఉంచేది. ప్రయోగానికి ఆవగింజంత సరుకు ఖర్చు. వరసగా మూడుసార్లు మసకగా నిలబడితే చాలు, పట్టాకు కావలసింది రాసి ఇవ్వొచ్చు. ఐదేళ్ళ గడువులో అప్పటికి మూడు నెలలే మిగిలాయి.

"ఇంతకీ గా బుడగలు ఎందుకు?" అన్నాను.

"షుగరు సూదిమందు ఉంది కదా, అది మింగితే కడుపులో పులుపుకి చచ్చిపోద్ది. దీంట్లో పెట్టి మింగితే బతుకుతాదేమో. సూది అక్కర్లేదు."

మా ఆయన ఆటో నడిపేవాడు. పదకొండేళ్ళు నా చేత్తో ఆయనకు సూది పొడిచాను. "నువ్వు పొడిచినన్ని పోట్లు దర్జీ గూడ పొడవడే," అని నవ్వేవాడు. ముందు రెండు వేళ్ళు తీసేశారు, తర్వాత పాదం. ఆఖరి ఏడాది, "ఇయ్యాల వద్దు, ఇడిసిపెట్టు," అని పొట్ట మీద చెయ్యి అడ్డం పెట్టేవాడు. కొన్ని రోజులు నేనూ అలసిపోయి విడిచిపెట్టాను. ఎన్ని రోజులో నాకు తెలుసు. ఎవరికీ చెప్పలేదు.

ఆ అమ్మాయి సీసాలు ఒకరోజు మసకగా నిలిచేవి, ఒకరోజు భగ్గున మెరిసేవి. అదే సరుకు, అదే వేడి. ఆమె ముఖం ఎండిపోయింది. ఒక మధ్యాహ్నం వరండాలోకి వచ్చింది. ఎప్పుడూ నున్నగా దువ్వి జడ వేసుకునే జుట్టు పీచులా లేచిపోయి ఉంది.

"తలకి ఏమైంది బిడ్డా?"

"నూనె మానేశాను పిన్నీ. మిషన్‌లో పెట్టి సూశాం. పాడైన సీసాల్లో ఇంకేదో కొవ్వు కలిసింది. కొబ్బరినూనెలో ఉండే రకం. ఒంటి తలవి. అవి మధ్యలో దూరి నా రెండు తలల వాటిని కదిపేస్తున్నాయి. నా జుట్టు నుంచే పడిందేమో. హాస్టల్‌లో రూమ్మేటుని కూడా రాసుకోవద్దన్నాను. తిట్టింది."

నూనె సీసా నా సంచిలో ఉంది. సంచి నా మోకాలికి ఆనుకుని ఉంది. నేను అప్పుడే రాసుకున్నాను. బొంత మీద నా బొటనవేలి మరక ఇంకా తడిగా కనబడుతోంది. అన్నానికి ముందు చుట్టినవి, అన్నం తిన్నాక చుట్టినవి, మసకవి, పచ్చవి, అన్నీ ఒక్కసారి నా తలలో జతలు కూడాయి.

"నువ్వు గ్లౌజులు వేసుకునే చుడతావు కదా పిన్నీ?" అని అడిగింది. అనుమానంతో కాదు, ఊరికే.

"ఏసుకుంటనే బిడ్డా," అన్నాను.

మెట్ల కింద గోనెసంచి కళ్ళ ముందు ఆడింది. అంతే, ఇంకో కారణం లేదు.

చెప్పకుండానే సరిచేద్దామనుకున్నాను. నూనె సీసా ఇంట్లో పెట్టేశాను. మర్నాడు గంట ముందే పోయి పాతవన్నీ మళ్ళీ తోమేద్దామని పెట్టెల దగ్గరికి పోతే పెట్టెలు లేవు. దుమ్ము పడుతుందని ఆ అమ్మాయి అన్నిటినీ తీసుకుపోయి తన అల్మారాలో తాళం వేసుకుంది. జాగ్రత్త కోసం చేసింది పాపం. నా చేతి జిడ్డును తాళం వేసి దాచుకుంది.

ఆ తర్వాత రోజూ ఆ పెట్టెల్లోంచే తీసేది. రోజూ ఒక ఆవగింజ. ఒకనాడు మసక, రెండు రోజులు పచ్చ, మళ్ళీ మసక. నేను రోజూ చెబుదామని పోయేదాన్ని. ఆమె తల వంచుకుని ఉండేది, ఆమె పరిశోధన చూసే సారు అక్కడే ఉండేవాడు, సూపర్‌వైజర్ వచ్చేవాడు, ఏదో ఒకటి. నూనె లేక నా వేళ్ళు కీళ్ళ దగ్గర విచ్చుకుని రక్తం వచ్చేది. అది కూడా శిక్షే అనుకుని తృప్తి పడ్డాను. నా చేతులు పగిలితే ఆమె సరుకు పెరుగుతుందా? అలా తొమ్మిది రోజులు.

తొమ్మిదో రోజు సారు మాటలు సింకు దాకా వినబడ్డాయి.

"ఒకసారి వస్తుంది, ఒకసారి రాదు. కారణం తెలియని ఫలితం ఎవరు నమ్ముతారమ్మా? సరుకు ఎంత మిగిలింది?"

"ఒక్కదానికి వస్తాది సార్. సగం సగం చేస్తే రెండు."

"ఆపేయ్ ఇంక. ఉన్నంత మటుకు రాసి ఇచ్చెయ్."

నేను తడి చేతులతోనే లోపలికి పోయాను. "సారూ, ఆమెది తప్పు లేదు. నూనె నాది," అన్నాను. చేతులు చూపించాను. గ్లౌజులు తీసేసి చుట్టినట్టూ, అడిగితే అబద్ధం ఆడినట్టూ, ఏ రోజు నుంచి నాకు తెలుసో ఆ రోజూ చెప్పాను. సారు కుర్చీలో వెనక్కి వాలాడు. ఆ అమ్మాయి నన్ను చూడలేదు. గోడకున్న క్యాలెండర్ చూసింది, వేళ్ళ మీద లెక్కపెట్టుకుంది.

"రేపు నూనె తీసుకురా," అంది. పిన్నీ అనలేదు.

మర్నాడు మిగిలిన సరుకును రెండు భాగాలు చేసింది. ఒక సీసా తనే కొత్తది విప్పి, ఘాటు మందుతో కడిగి తీసుకుంది. రెండో సీసా నా ముందు పెట్టింది. నేను నూనె రాసుకుని, రోజూ చుట్టినట్టే కాగితం చుట్టాను. కాగితం ఒక పక్కకు జారింది. "సరిగ్గా చుట్టు," అంది. రెండింటిలోనూ బుడగలు చేసి వేడినీళ్ళలో పెట్టింది.

తెల్లారి చూస్తే ఆమెది మసకగా, మూసిన కన్నులా ఉంది. నాది లేత వరినారులా మెరుస్తోంది.

సారు సంతోషపడ్డాడు. కారణం దొరికింది, ఇది రాయదగ్గ సంగతి అన్నాడు. కానీ మూడుసార్లు నిలబెట్టి చూపడానికి సరుకు లేదు. మళ్ళీ తయారు చేయాలంటే ఏడాది. ఆమెకు మిగిలింది రెండు నెలలు. గడువు పెంచమని పెట్టుకున్న అర్జీ తిరిగొచ్చింది. ఇంటి నుంచి ఆమె అన్న వచ్చి ఆమె సామాను ఆటోలో పెట్టాడు.

పోయే ముందు వరండాలోకి వచ్చింది. నేను లేచి నిలబడ్డాను. కుట్టిన బొంత ఇద్దామని తెచ్చాను, చేతిలోనే ఉంది.

"నూనె సంగతి నీకు తెలీదు పిన్నీ. దానికి నేనేటీ అనను," అంది. "కానీ ఆ తొమ్మిది రోజులూ నీకు తెలుసు. మొదటి రోజే చెప్పుంటే సరుకు సరిపోయేది."

బొంత తీసుకోలేదు. మడిచి మళ్ళీ సంచిలో పెట్టుకున్నాను.

నన్ను ఎవరూ పనిలోంచి తీయలేదు. అది చెప్పాలి. సారు సూపర్‌వైజర్‌ను పిలిచి, ఆమెకు లోపల గుడ్డ ఉన్న గ్లౌజులు తెప్పించు అన్నాడు, అంతే. మొదటి రోజే చెప్పినా అంతే అయ్యేది. ఏ మెట్ల కిందికి పోతానని భయపడ్డానో ఆ మెట్లు నా దగ్గరికి రానే లేదు.

ఇప్పుడు ఆ రెండు తలల అణువును వేరే పిల్లవాడు మళ్ళీ మొదటి నుంచి తయారు చేస్తున్నాడు. సీసాలు నేనే కడుగుతున్నాను. సింకు పైన గోడకు ఒక కాగితం ఉంది. ఆ అమ్మాయి చివరి రోజు అతికించి పోయింది. మిగతా కాగితాలన్నీ ఇంగ్లీషులో ఉంటాయి. ఇది ఒక్కటే తెలుగులో, నా కోసం, ఒక్కో అక్షరం వేలెడంత రాసింది. నీళ్ళు చిందకుండా పైన ప్లాస్టిక్ కూడా అంటించింది. చేతులకు నూనె రాయరాదు. రాస్తే వెంటనే చెప్పాలి.

మొదటి మాట ఒక్క పొద్దులో చదివేశాను. రెండో మాట కూడబలుక్కోవడానికి మూడు రోజులు పట్టింది.