స్నానాల గదిలో పొగ

బస్తర్ ఇంకా రాజ్యంగా ఉన్న రోజులవి. జగదల్‌పూర్‌లో దొరలు దిగే ఒక విడిది బంగళాలో నేను డైనమో మేస్త్రీగా చేరి మూడు నెలలైంది. మాది భద్రాచలం వైపు. నూనె ఇంజను తెలుసు, డైనమో తెలుసు, ఫ్యాను మోటార్లూ తెలుసని చెప్పి చేరాను. నా మొహం! ఫ్యాను మోటారు మూత తెరిచి చూసిన పాపాన పోలేదు.

స్నానాల గదిలో ఒక మూల పొయ్యి, దాని మీద పెద్ద రాగి కాగు. గోడకు ఎత్తున గుండ్రటి కన్నం, అందులో పొగను బయటికి తోసే ఫ్యాను. దాని మోటారు వానలకు ముందే కాలిపోయింది. వానల్లో దారులు మూసుకుపోతాయి, దొరలెవరూ రారు, కనుక ఎవరూ పట్టించుకోలేదు. చలి మొదలయ్యాక విశాఖపట్నం నుంచి కొత్త మోటారు వచ్చింది, బిగించే పని నా మీద పడింది.

అక్కడ నీళ్ళు కాచేది దోర్ల తెగకు చెందిన ఒక ముసలాయన. పామేడు వైపు మనిషి. అడవి నుంచి కట్టెలు తెచ్చుకోవడం, పొయ్యి పెట్టడం, కాగు తోమడం అన్నీ ఆయనే. బంగళాలో నాతో తెలుగు మాట్లాడేది ఆయనొక్కడే. నేను తాతా అనేవాణ్ని, ఆయన మేస్త్రీ అనేవాడు. భార్య పోయింది, పిల్లలు లేరు, ఊళ్ళో ఇంటి పొయ్యి వెలిగించే దిక్కు లేదు. అందుకే విత్తనానికి దాచుకున్న మొక్కజొన్న కంకులను కట్టగట్టి తెచ్చి, ఈ పొయ్యికి సరిగ్గా పైనున్న దూలానికి వేలాడదీసుకున్నాడు.

పాత మోటారు ఊడదీసి, రెక్కలు తుడిచి కొత్తదానికి తొడిగాను. బయట కన్నం దగ్గర నిచ్చెన మీద నేను, లోపల పొయ్యి రాజేసి ఆయన. డైనమో ఆన్ చేయించాను. ఫ్యాను గిర్రున తిరిగింది.

"తాతా, పొగ ఎట్లుంది?" అని అరిచాను.

"మంచిగుంది మేస్త్రీ! శానా మంచిగుంది!"

ఇంకేం కావాలి? గర్వంగా నిచ్చెన దిగాను.

ఆ వారమే దొరలు దిగారు. మొదటి దొర స్నానానికి వెళ్ళి దగ్గుతూ, కళ్ళు నులుముకుంటూ బయటికొచ్చాడు. రెండో ఆయనా అంతే. మేనేజరు నన్ను పిలిచాడు. ఫ్యాను ఆగకుండా తిరుగుతూనే ఉంది కదా, నన్నేమనగలడు? నేనే అన్నాను, కట్టెలు తడివేమో సాబ్ అని. ఆలోచించి అన్నమాట కాదు. నోటికొచ్చింది, అనేశాను. మేనేజరు ముసలాయన మీద విరుచుకుపడ్డాడు. ఆదివారం లోపు పొగ తగ్గకపోతే పని నుంచి పంపించేస్తానన్నాడు. ముసలాయన ఆ కట్టెలను ఎండలో పరిచాడు, చీల్చాడు, మళ్ళీ పరిచాడు. పొగ తగ్గలేదు.

నాకు ఏమీ అర్థం కాలేదు. కట్టెలు పెళపెళలాడేటంత ఎండి ఉన్నాయి, ఫ్యాను తిరుగుతోంది, మరి పొగెక్కడిది? శనివారం మధ్యాహ్నం బయట కన్నం కింద బీడీ కాలుస్తుంటే నా బీడీ పొగ తిన్నగా పైకి పోయి కన్నంలోకి దూరింది. దూరింది! ఫ్యాను వెనక్కి తిరుగుతోంది, గాలిని లోపలికి తోస్తోంది.

ఆయన దగ్గరికి పరుగెత్తాను. "ఏంది తాతా, ఆనాడు పొగ మంచిగుందన్నవు?"

"మంచిగనే ఉంది గద బిడ్డా! పొగ ఇంట్లనే నిలవడె. పొగ బయటికి పోతే ఇత్తనాలకు పురుగు పట్టదా?"

తిట్టాలో నవ్వాలో తెలియలేదు. ఆయన ఇంట్లో పొగ అంటే విత్తనాల కాపలా. నేనడిగిన ప్రశ్నకు ఆయన నిజమే చెప్పాడు. తెలివి లేనిది నాకే.

సాయంత్రం దాకా మోటారుతో కుస్తీ పట్టాను. కరెంటు వచ్చే రెండు తీగలనూ అటుదిటు మార్చాను. అటే తిరిగింది. మళ్ళీ మార్చాను. అటే! ఆరుసార్లు మార్చి ఉంటాను, బుర్ర వేడెక్కింది. మేనేజరు దగ్గరికి పోయి తప్పు నాది, కట్టెలది కాదు అని చెప్పొచ్చు. మోటారు పని రాదని తెలిస్తే నా ఉద్యోగం పోతుంది. రేపు బాగుచేసి, ఆ తర్వాత చెబుదాం అనుకున్నాను.

ఆదివారం పొద్దున నేను వెళ్ళేసరికే ముసలాయన్ని పొమ్మన్నారు. గదిలో దొర స్నానం చేస్తున్నాడని, కంకులు తీసుకోవడానికి కూడా ఆయన్ని లోపలికి పోనివ్వలేదు. సంకన చిన్న మూటతో గేటు దగ్గర నా కోసం నిలబడ్డాడు.

"నా కంకులు జర చూస్తుండు మేస్త్రీ. దుక్కుల నాటికి వచ్చి తీస్కపోత. పొగ తగుల్తుంటే వాటికేం కాదు."

సరేనన్నాను.

దొర బయటికి రాగానే నిచ్చెనెక్కి మోటారు మూత తీశాను. లోపల నాలుగు తీగలున్నాయి. రెండు కాయిళ్ళవి, రెండు తిరిగే ఇరుసుకు కరెంటు అందించే బ్రష్షులవి. బయటి తీగలు మారిస్తే ఆ నాలుగూ కలిసే మారతాయి, తిరుగుడు మారదు. బ్రష్షుల తీగలను మాత్రం మార్చాను. ఫ్యాను ఇటు తిరిగింది. పొగంతా ఒక్కసారిగా బయటికి దూకింది. పావుగంట పట్టని పని.

మేనేజరు వచ్చి గదంతా కలియజూసి భుజం తట్టాడు. "దేఖా మిస్త్రీ? ముసలాడు పోయాడు, పొగా పోయింది. తప్పంతా వాడి కట్టెలదే కదా?"

"అవును సాబ్" అన్నాను.

ఎందుకన్నానో ఈ వయసులోనూ నాకు తెలియదు. భయమా? అప్పటికి ఫ్యాను బాగైపోయింది కదా, భయం దేనికి? ఎన్నిసార్లు తిరగేసి చూసుకున్నా తలాతోకా దొరకదు. సిగ్గు మాత్రం అలాగే ఉంది.

ఆ మోటారును ఏళ్ళ తరబడి కంటికి రెప్పలా చూసుకున్నాను. నెలకోసారి మసి తుడిచి, రెండు చుక్కలు నూనె వేసి, బ్రష్షులు అరిగితే మార్చేవాణ్ని. ఒక్కనాడూ మొరాయించలేదు. కంకులను మా ఇంటి పొయ్యి మీదికి మార్చుకోవచ్చని తోచలేదా? తోచింది. ఇవెవరివని నా భార్య అడిగితే ఏం చెప్పాలో తెలియక అక్కడే వదిలేశాను.

ఆ చలి పోయాక, అన్నట్టే దుక్కుల నాటికి ముసలాయన వచ్చాడు. గేటు దగ్గరే కట్టను చేతికిచ్చాను. ఒక కంకి తీసి అరచేతిలో దులిపాడు. గింజలు రాలలేదు, తెల్లటి పిండి రాలింది.

"పొగ తగల్లేదా మేస్త్రీ?" అని అడిగాడు.