దగ్గరికి పొమ్మన్న చిన్నాయన

మా చిన్నాయన పోయిన కబురు నాకు ఇంటికి రాలేదు, నేను పనిచేసే పత్రిక ఆఫీసుకు వచ్చింది. సాయంత్రం డెస్కు మీద ఫోన్ మోగితే ఎత్తాను. అవతల ఉన్నది ఆయన పాత స్నేహితుడు, ఆయనతో కలిసి ఒకే పత్రికలో పనిచేసిన ఫొటోగ్రాఫర్. నా గొంతు గుర్తుపట్టలేదు. "వార్త రాసుకో అమ్మా," అన్నాడు. పేరు చెప్పగానే నాకు తెలిసిపోయింది. అయినా చెయ్యి ఆగలేదు. సీనియర్ పాత్రికేయుడు, హిందీ చిత్ర దర్శకుడు, గుండెపోటు, బడంగ్‌పేటలోని ఇంట్లో. వయసెంత అని అడిగాను. ఎన్ని గంటలకు అని అడిగాను. ఖననం ఎక్కడ అని కూడా అడిగాను. అన్నీ రాసుకుని ఫోన్ పెట్టేశాక గానీ ఏడుపు రాలేదు.

తల్చుకుంటే ఇప్పటికీ సిగ్గుగా ఉంది. ఎవరికైనా చెబితే ఉద్యోగపు అలవాటు, పోనీలెమ్మంటారు. చిన్నాయన అయితే నవ్వి, "నువ్వు గూడ నా తీరే తయారైనవా బిడ్డా" అనేవాడు. నేను ఇంకా కుంగిపోయేదాన్ని. ఈ వారంలో ఆయన గురించి చాలామంది మంచి మాటలు రాశారు. అవన్నీ నిజాలే. ఆయన లోపల ముల్లులా దిగి ఉండిపోయిన సంగతి మాత్రం వాళ్లకు తెలియదు. అది తెలిసినవాళ్లం ఇంట్లో ఇద్దరమే, అమ్మ, నేను.

ఆయన మా బాపుకు ఒక్కగానొక్క తమ్ముడు. శంషాబాద్‌లో బెంగుళూరు రోడ్డు దిగి సందులోకి వస్తే మా ఇల్లు. అమ్మ ఆ ఇంటికి కోడలుగా వచ్చేసరికి ఆయన ఇంకా నిక్కర్లు వేసుకుని బడికి పోతున్నాడట. టిఫిన్ కట్టిచ్చింది అమ్మే, చర్చికి పోయేముందు తల దువ్వింది అమ్మే. తర్వాత హిందీ పరీక్షలు ఒక్కొక్కటే కట్టి, ఆఖరికి కోఠిలో ఒక హిందీ పత్రికలో విలేకరి అయ్యాడు. ఆయన మాట్లాడే హిందీ వింటే ఉత్తరాదివాళ్లు ముసిముసిగా నవ్వేవాళ్లు గానీ, ఆయన రాతలో వేలు పెట్టడానికి ఎవరికీ సందు దొరికేది కాదు. రోజూ స్కూటర్ మీద కాటేదాన్ మీదుగా పోతూ, ఫ్యాక్టరీ షెడ్ల దగ్గర ఆగి కార్మికులతో చాయ్ తాగేవాడు. ఆయన వార్తలు సగం ఆ చాయ్ దగ్గర పుట్టినవే.

సెలవుల్లో నన్నూ వెనక కూర్చోబెట్టుకుని పోయేవాడు. ఒకసారి కాటేదాన్‌లో ఒక షెడ్డు తగలబడి మనిషి చనిపోయాడు. నేను గేటు దగ్గరే ఆగిపోయాను. "దగ్గరికి పో బిడ్డా. దూరంకెల్లి ఇన్నది వార్త గాదు," అని చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకుపోయాడు. చనిపోయిన మనిషి భార్య నేల మీద కూర్చుని ఉంది. ఆయనా ఆమె పక్కన నేల మీదే కూర్చున్నాడు. చాలాసేపు ఏమీ అడగలేదు. వచ్చేటప్పుడు ఆమె, "నా ఫొటో ఎయ్యకు అన్నా. మా అత్తకు ఇంక తెల్వది, పేపర్ల చూస్తె పానం పోతది," అంది. తమ ఫొటోగ్రాఫర్ తీసిన ఆ ఫొటోను ఆయన ఆపేయించాడు. మర్నాడు మిగతా పత్రికలన్నింటిలో ఆమె ఏడుపు వచ్చింది, మా చిన్నాయన పత్రికలో రాలేదు. ఆఫీసులో తిట్లు తిని వచ్చి, మా ఇంట్లో అన్నం తింటూ ఆ సంగతి చెప్పాడు. "మంచి పని చేసినవ్," అంది అమ్మ. ఆ ఒక్క మాటకే ఎంత సంబరపడ్డాడో, ఇంకో గరిటె పప్పు అడిగి వేయించుకున్నాడు.

బాపు పోయినప్పుడు ఆయన ఊళ్లో లేడు. ఎన్నికల వార్తల కోసం ఉత్తరాదికి పోయి, ఊరూరు తిరుగుతున్నాడు. టెలిగ్రాం చేతికి అందేసరికి ఇక్కడ అంతా అయిపోయింది. వచ్చినవాడు ఇంటికి కూడా రాకుండా నేరుగా సమాధుల తోటకు పోయాడు. అక్కడినుంచి బూట్లకు మట్టితోనే వచ్చి అమ్మ ముందు కూలబడ్డాడు.

మా దగ్గర చావు ఇంట్లో పొయ్యి ముట్టించరు. హిందువులైనా, మా క్రైస్తవులైనా అంతే. చుట్టుపక్కల వాళ్లే అన్నం, పప్పు, పచ్చిపులుసు వండి తెచ్చి పెడతారు. ఆరోజు ఎవరో తెచ్చిన గిన్నె మూత కూడా తీయకుండా ముందు పెట్టుకుని, "నేను లేకుంటి వదినె. నాకు అంత జెప్పు," అన్నాడు.

అమ్మ చెప్పింది. జ్వరం ఎప్పుడు ఎక్కువైంది, బాపు ఆఖరున నీళ్లు ఎట్లా అడిగాడు, పాస్టరుగారు ఏ వచనం చదివారు, అన్నీ చెప్పింది. పెట్టె మూత వేసేముందు బాపు చెవి దగ్గర వంగి తను ఏమందో అదీ చెప్పింది. ఎవరికీ చెప్పని మాట. పక్కనున్నాను కాబట్టి నేనూ విన్నాను. అదేం గొప్ప మాట కాదు. ఇంట్లో భార్యాభర్తలు రోజూ అనుకునే మాటే. దాన్ని ఇక్కడ రాయను.

తర్వాత కొంతకాలానికి ఆయన ఉద్యోగం మానేశాడు. నలభై దాటి తలలో తెల్లవెంట్రుకలు కనిపిస్తున్న మనిషి హిందీ సినిమా తీస్తానన్నాడు. ఆదివారం చర్చి బయట చుట్టాలు చెవులు కొరుక్కున్నారు. "ఈ వయసుల బొంబాయి పిచ్చి పట్టిందా?" అని ఒక పెద్దాయన మొహం మీదే అడిగాడు. చిన్నమ్మ నిద్రలు మానేసింది. అమ్మ మాత్రం, "ఎందుకయ్యా?" అని నెమ్మదిగా అడిగింది. "ఇన్నేండ్లు మంది కథలు రాసిన వదినె. తెల్లారితె వాటిల పల్లీలు కట్టి అమ్ముతున్నరు. ఒక్కటన్న నిలవాలె గదా," అన్నాడు. కాటేదాన్‌లో షెడ్డు ఉన్న ఒక సేటు పెట్టుబడి పెట్టడానికి ఒప్పుకున్నాడు. కథ కూడా కాటేదాన్ కార్మికుడిదే. ఇంటి సీన్లు మా ఇంట్లో తీసుకుంటానన్నాడు. "నీ ఇల్లే గద, అడుగుడేంది?" అంది అమ్మ.

ఆ సినిమా కథలో ఇంటాయన చనిపోతాడని మాకు తెలియదు. షూటింగ్ రోజు పొద్దున రిక్షా మీద శవపేటిక మా సందులోకి మలుపు తిరిగింది. బొంబాయి నుంచి వచ్చిన సినిమావాళ్లు అట్టముక్కలతో చేస్తామంటే చిన్నాయన ఒప్పుకోలేదట. అబద్ధంగా కనిపిస్తుందని, బాపుకు పెట్టె చేసిన వడ్రంగి చేతే చేయించాడు. దాన్ని తెచ్చి బాపును పడుకోబెట్టిన చోటే పెట్టారు. అమ్మ చూసింది. వంటింట్లోకి పోయింది.

మధ్యాహ్నానికి సందులో ఆడవాళ్లు ఒకరి వెనక ఒకరు వచ్చారు. చేతుల్లో మూతపెట్టిన గిన్నెలు. అన్నం, పప్పు, పచ్చిపులుసు. బొంబాయి వాళ్లు అది పల్లె మర్యాద అనుకుని తెగ సంతోషపడిపోయారు. వేళ్లు నాక్కుంటూ తిన్నారు. రేపు కూడా ఇదే వంట పెట్టించమని వాళ్ల మేనేజర్ అడిగాడు. ఆడవాళ్లు కొంగులు నోటికి అడ్డం పెట్టుకుని గోడవారన నిలబడ్డారు. చిన్నాయన పక్కింటి అక్క దగ్గరికి వచ్చి, "ఇది షూటింగే గదక్కా, గిట్ల ఎందుకు తెచ్చిండ్రు?" అన్నాడు.

"షూటింగే గని, పెట్టె నిజం పెట్టెనే గద తమ్మి," అందామె. "పెట్టె ఇంట్ల పెట్టుకొని మీ వదినె పొయ్యెట్ల ముట్టిస్తది?"

ఆయన వంటింట్లోకి తొంగి చూశాడు. పొయ్యి చల్లగా ఉంది. అమ్మ పీట మీద ఊరికే కూర్చుని ఉంది. ఆయన మొహంలో రంగు మారడం నేను చూశాను. అప్పుడే పెట్టె ఎత్తించి పంపేస్తాడనుకున్నాను. కానీ వెలుతురు పోతుందని కెమెరామన్ పిలిచాడు. చిన్నాయన వెళ్లాడు.

భార్య వేషం వేసినామె పెట్టె మీదికి వంగి, చనిపోయినవాడి చెవిలో మాట చెప్పింది. అమ్మ బాపు చెవిలో అన్న మాటే, హిందీలో చెప్పింది. అమ్మకు హిందీ చదవడం రాదు గానీ, శంషాబాద్‌లో ఇన్నేళ్లు బతికినవాళ్లకు ఆ మాత్రం అర్థం కాకపోవడం ఉండదు. అమ్మ వంటింటి గడపలోకి వచ్చి నిలబడింది. సీన్ అయ్యాక ఆయన్ను లోపలికి పిలిచింది.

"గా మాట తీసెయ్యి," అంది. "కడమదంత పెట్టుకో. ఏడ్సుడు పెట్టుకో, పాట పెట్టుకో. గది మీ అన్నకు నాకు నడుమది. ఇగ నాకు మిగిలింది గదొక్కటే."

"తీసేస్త వదినె," అన్నాడు. తలొంచుకుని అన్నాడు. బయటికి వచ్చి ఆ సీన్ మళ్లీ మాట లేకుండా తీశాడు. అది చూసి అమ్మ గిన్నెలు కడిగి ఎవరివి వాళ్లకు పంపింది.

ఆ సినిమా పట్నంలో ఒక థియేటర్‌లో పొద్దుటి ఆటగా ఆడింది. అమ్మ చర్చికి కట్టుకునే చీర కట్టుకుని వచ్చింది. ఆ సీన్ వచ్చింది. మాట ఉంది. చుట్టూ ముక్కు మొహం తెలియని వాళ్లు కుర్చీల్లో వెక్కి వెక్కి ఏడ్చారు. నేనూ ఏడ్చాను. అమ్మ ఏడవలేదు. చీకట్లో నా చేతిని వదిలి, తన రెండు చేతులూ ఒళ్లో పెట్టుకుంది. బయట పోస్టర్ పక్కన నిలబడి ఉన్నాడు చిన్నాయన. జనం చేతులు కలుపుతున్నారు గానీ ఆయన చూపంతా అమ్మ మీదే ఉంది. "సిన్మ మంచిగున్నది. ఆదివారం అన్నానికి రా," అంది అమ్మ. అంతే. ఇంకెన్నడూ ఆ ఊసెత్తలేదు.

ఆయన ఆదివారం వచ్చాడు. ఆ తర్వాతా వస్తూనే ఉన్నాడు. కానీ గడప దాటలేదు. వరండాలో కుర్చీ వేసుకునేవాడు, ఎండగా ఉన్నా, జల్లు కొట్టినా. అమ్మ పళ్లెం అక్కడికే తెచ్చి పెట్టేది. లోపలికి రమ్మని అనేది కాదు, ఎందుకు రావని అడిగేది కాదు. నాకు ఇద్దరి మీదా కోపంగా ఉండేది.

నేను ఉద్యోగంలో చేరాక ఒకసారి ఆరాంఘర్ దగ్గర ఇరానీ హోటల్లో ఆయన్ను నిలదీశాను. చాలాసేపు సాసర్‌లో చాయ్ చల్లార్చుకున్నాడు.

"తీసేసి చూసిన బిడ్డా. ఎడిటింగ్ టేబుల్ మీద ఎన్నిసార్లు చూసిన్నో. ఆ మాట లేకుంటె అది ఎవలో ఒక పీనుగు. మాట ఉంటె మా అన్న."

"ఫొటో ఆపినవ్ గదా, ఆ షెడ్డు కాడ. మరి అమ్మ అడిగితె?"

"పేపర్ రేపటికి పాతదైతది. దాంట్ల దయ సూపెట్టుడు సులువుగుంటది," అన్నాడు. "వదినెకు మాటిచ్చినోడు ఒకడు, సిన్మ తీసెటోడు ఒకడు అనుకున్న. ఇద్దరు ఒక్కడే అని థియేటర్ల ఎరుకైంది."

"అమ్మను మాఫీ అడుగు చిన్నాయనా."

"అడిగితె మాఫ్ చేస్తది. గందుకే అడుగుత లేను."

ఆ తర్వాత ఆయన ఇంకా సినిమాలు తీశాడు. ఒకటి విడుదల కాక డబ్బాల్లోనే ఉండిపోయింది. ఉన్నవాటిలో మొదటిదే మంచిదని అందరూ అంటారు, ఆ సీన్ గురించే చెబుతారు. నాకూ ఆ సీనే ఇష్టం. క్యాసెట్ తెచ్చుకుని స్నేహితురాలి ఇంట్లో మళ్లీ మళ్లీ చూశాను. బాపు పోయిన రోజు నా కళ్లతో చూసినదానికంటే అందులోనే బాపు నాకు ఎక్కువ కనిపిస్తాడు. ఈ సంగతి అమ్మకు చెప్పలేదు, ఇది అచ్చయ్యాక ఎవరిచేతైనా చదివించుకుని వింటుంది. ఆయన్ను తప్పుపట్టే హక్కు నాకెక్కడిది?

ఈ మధ్య విమానాశ్రయం మా దిక్కే వస్తుందని ఊళ్లో ఒకటే మాటలు. చిన్నాయన కళ్లలో పాత వెలుగు వచ్చింది. పోయిన నెలలో వరండాలో కూర్చుని, "మంఖాల్ల మీ నాయినోల్ల పొలం సంగతేంది వదినె?" అని అడిగాడు. అమ్మ గడప మీద చతికిలబడి మొదలుపెట్టబోయింది. ఉన్నట్టుండి ఆయన చెయ్యి అడ్డం పెట్టాడు. "వద్దు వదినె. జెప్పకు."

"జెప్త గద, కూసో."

"నాకు జెప్పకు," అని లేచి స్కూటర్ తీశాడు. అమ్మ ఆ స్కూటర్ సందు మలుపు తిరిగేదాకా చూసింది.

ఖననం రోజు తెల్లవారకముందే అమ్మ లేచి పొయ్యి ముట్టించింది. అన్నం, పప్పు, పచ్చిపులుసు. క్యారియర్ సర్దుకుని నాతో బడంగ్‌పేట వచ్చింది. చిన్నమ్మకు తనే కలిపి ముద్దలు పెట్టింది. తర్వాత ఆయన్ను శంషాబాద్ తీసుకువచ్చి, చర్చి ముందు దించారు. ప్రార్థన అయ్యింది. మూత వేసేవాళ్లు మేకులు పట్టుకుని వచ్చారు.

"జరసేపు ఆగుండ్రి," అంది అమ్మ.

పెట్టె దగ్గరికి పోయి, ఆయన కాలర్ సరిచేసి, చెవి దగ్గరికి వంగింది. నేను ఆమె పక్కనే ఉన్నాను. నాకు వినాలని ఉంది. ఎంత ఉందో చెప్పలేను. తిట్టిందా, మాఫ్ చేసిందా, మంఖాల్ పొలం సంగతే చెప్పిందా? ఇన్నేళ్లు ఆయన ఎదురుచూసింది ఆ మాట కోసమే. దగ్గరికి పో బిడ్డా, అన్న గొంతు నా చెవుల్లో తిరుగుతోంది. నేను వెనక్కి జరిగాను. ఆరోజు ఫోన్ చేసిన ఫొటోగ్రాఫర్ పెద్దాయన కెమెరా ఎత్తబోతుంటే ఆయన చెయ్యి పట్టుకుని ఆయన్నూ వెనక్కి జరిపాను.

అమ్మ చాలాసేపు మాట్లాడింది. నేను నిలబడ్డ చోటికి బెంగుళూరు రోడ్డు మీద పోయే లారీల మోత తప్ప ఏమీ వినిపించలేదు. ఆమె పెదవులు కదలడం కనిపిస్తోంది, ఖాళీ క్యారియర్ ఇంకా మోచేతికే వేలాడుతోంది.