కుంకుమ పొట్లాలైన జపాను పల్లె

పోయినవి పన్నెండు కాగితాలు. అంటే ఇరవై నాలుగు పేజీలు. ఒక్కో కాగితాన్ని నాలుగు ముక్కలు చేశారు కనుక నలభై ఎనిమిది. లెక్కలు నేను గోడౌన్‌లో పెట్టెలు పేర్చుతూ సొంతంగా నేర్చుకున్నవే, కానీ ఇది తప్పే లెక్క కాదు. ఆ ముక్కల అంచుల్లో పెన్సిలుతో రాసి ఉన్న మాటలు మాత్రం నా లెక్కకు అందవు. అసలు నష్టం అదే.

అప్పట్లో న్యూజిలాండ్‌లోని పామర్‌స్టన్ నార్త్‌లో మా పక్క ఫ్లాట్‌లో ఒక జపాను పెద్దావిడ ఉండేవారు. తమ దేశపు పల్లెటూరి నవల ఒకటి ఇంగ్లీషులో ఉంటే నాకు చదవమని ఇచ్చారు. అందులో, కోతలయ్యాక పొలం దేవుణ్ణి ఇంటికి పిలుస్తారు. కనిపించని ఆ దేవుడికి ఇంటి యజమాని గట్టు దాకా ఎదురెళతాడు, స్నానానికి నీళ్ళు కాస్తాడు, ముల్లంగి, చేప వడ్డించి ఖాళీ ఆసనంతో “ఇంకాస్త వేసుకోండి” అంటాడు. తన నాయనమ్మ ఆ పూజ ఎలా చేసేదో పెద్దావిడ ఆ అధ్యాయం అంచుల్లో రాసుకున్నారు. అది మరెక్కడా లేదు. నెలాఖరుకు ఆవిడ జపాను వెళ్ళిపోతున్నారు. ఆలోగా పుస్తకం ఇచ్చెయ్యాలి.

వినాయక చవితికి మా ఊరి తెలుగువాళ్ళం తీసుకున్న అద్దె హాలులో పుస్తకం బల్ల మీద పెట్టి కుర్చీలు సర్దడానికి వెళ్ళాను. కుట్టు ఊడి ఆ కాగితాలు విడిగా ఉన్నాయి. కుంకుమ పంచే ఆంటీ అవి చిత్తుకాగితాలనుకున్నారు. నేను తిరిగొచ్చేసరికి పొట్లాలన్నీ పంచేశారు.

“నీదా నాయనా? ఊడిపోయి ఉంటే పాతదనుకున్నా. ఐనా దేవుడి కథేనంటున్నావుగా, దేవుడికే పనికొచ్చింది!”

మర్నాటి నుంచి ఇల్లిల్లూ తిరిగాను. కుంకుమ వద్దు, కాగితం చాలన్నా వినరు.

“కుంకుమ పొట్లం వెనక్కి అడిగేవాణ్ణి ఇప్పుడే చూస్తున్నా,” అన్నారు ఒకాయన, తలుపు సగమే తీసి.

“ఇవాళ శుక్రవారం అన్నయ్యగారూ, ఇంట్లోంచి కుంకుమ బయటికివ్వం. సోమవారం రండి,” అంది ఇంకొకావిడ. సోమవారం వెళితే, “అయ్యో, నిన్న క్లీన్ చేస్తూ బిన్‌లో వేసేశానండీ. ముందే గట్టిగా చెప్పాల్సింది!”

ముప్పై ఏడు ముక్కలు దొరికాయి. టేపుతో అతికించి పట్టుకెళ్ళాను. పెద్దావిడ ఎర్రబడ్డ పేజీలు ఒక్కొక్కటే తిప్పి, చివరికి ఆగారు.

“దేవుణ్ణి సాగనంపేటప్పుడు నాయనమ్మ అనే మాట... ఆ ముక్క లేదు.”

“మీకు గుర్తుందేమో?”

“గుర్తుంటే రాసుకునేదాన్నా?”

ఆవిడ వెళ్ళిపోయారు. ఈనాటికీ తెలిసినవాళ్ళింటికి వెళితే ముందు నా కళ్ళు దేవుడి గూటి వైపే పోతాయి. ఆవిడకు నా బాకీ ఇంకా పదకొండు ముక్కలు.